నాటకానికి కాల యంత్రం: నీటి చుక్కల్ని ఆపాలి, వెనక్కి నడపాలి. తిరుపతి సభ్యుల సలహా కావాలి

రంగస్థలం_తిరుపతి

అందరికీ నమస్కారం. కాలం వేగాన్ని మార్చే యంత్రం మీద గంటంపావు నాటకం సిద్ధమవుతోంది. కథంతా అలిపిరి దగ్గర ఒక పాత షెడ్డులో నడుస్తుంది. యంత్రానికి మూడు స్థితులు: కాలం నెమ్మదించడం, ఆగడం, వెనక్కి తిరగడం. తెర మీద వీడియో వేసి సరిపెట్టడం ఇష్టం లేదు. ప్రేక్షకుల కళ్ళ ముందే ఏదో ఒకటి నిజంగా ఆగాలి, నిజంగా వెనక్కి పోవాలి. చివరి వరుస వేదికకు 40 అడుగుల దూరం.

రెండు ప్రశ్నలు. మెరుపు దీపంతో నీటి చుక్కలు గాల్లో నిలబడినట్టు చూపించే ఏర్పాటును వేదిక మీద నమ్మకంగా నడపొచ్చా? రెండోది, కథలో యంత్రం ఏ నియమాలకు కట్టుబడాలి? ఫిజిక్స్ చదివినవాళ్ళు చూసినా ఒప్పుకునేలా ఉండాలి.

కరకంబాడి_సర్క్యూట్

నడపొచ్చు. సెకనుకు 50 చుక్కలు పడుతున్నాయనుకోండి. దీపం కూడా సరిగ్గా 50 సార్లు మెరిస్తే, మెరిసిన ప్రతిసారీ ఒక చుక్క తన ముందు చుక్క ఉన్న చోటికి వచ్చి ఉంటుంది. కంటికి వరుస మొత్తం ఆగినట్టే. మెరుపుల్ని 49.5కి తగ్గిస్తే రెండు సెకన్లకు ఒక చుక్క ఎడం చొప్పున మెల్లగా కిందికి జారతాయి. 51కి పెంచితే సెకనుకు ఒక ఎడం చొప్పున పైకి ఎక్కుతాయి. మీ మూడు స్థితులూ ఇందులోనే ఉన్నాయి.

చాలామంది పొరపాటు పడేది చుక్కల్ని పుట్టించే దగ్గర. అక్వేరియం గాలి పంపు కరెంటు లయకు 50 హెర్ట్జ్‌తో అదురుతుంది కదా అని దాన్నే వాడేస్తారు, దీపాన్ని మాత్రం ఆర్డుయినో (ప్రోగ్రాం రాసి నడిపే చిన్న బోర్డు)తో నడుపుతారు. మన గ్రిడ్ ఖచ్చితంగా 50 దగ్గర నిలబడదు. అనుమతించిన హద్దులే 49.90 నుంచి 50.05 దాకా. 0.1 హెర్ట్జ్ తేడా వచ్చిందంటే పది సెకన్లకు ఒక ఎడం జారిపోతుంది. నటుడు "కాలం ఆగిపోయింది" అంటుంటే వెనకాల చుక్కలు కదులుతుంటాయి. కరెంటు పోయి హాలు జనరేటర్ అందుకుంటే 51, 52 కూడా చూపిస్తుంది, అప్పుడు మొత్తం చెడిపోతుంది. కాబట్టి చుక్కలూ మెరుపులూ రెండూ ఒకే క్రిస్టల్ (బోర్డుకు లయనిచ్చే భాగం) నుంచి పుట్టాలి. బోర్డు క్రిస్టల్ కాస్త తప్పు చూపించినా ఇద్దరికీ ఒకే తప్పు, తేడా సున్నా.

స్వర్ణముఖి

నీళ్ళ సంగతి నేను చెప్తానన్నా. పంపును నేరుగా నాజిల్‌కి తగిలించొద్దండి. పంపు కొట్టుకునే లయ ఒకటి, మీరిచ్చే అదురు ఇంకొకటి, రెండూ కలిసి చుక్కలు పెద్దా చిన్నా పడతాయి. పైన ఒక తొట్టి, కింద ఒక తొట్టి పెట్టుకోండి. పంపు కిందినుంచి పైకి ఎత్తి పోస్తా ఉండాల. పైతొట్టికి ఓవర్‌ఫ్లో పైపు పెడితే నీటిమట్టం ఎప్పుడూ ఒకటే ఉంటాది. మట్టం కదలకుండా ఉంటే ధార వేగం కూడా కదలదు.

కొలతలు ఇట్ల పెట్టుకోండి. నాజిల్ లోపలి వ్యాసం 4 మి.మీ. నీటి ధార దానంతట అదే చుక్కలుగా తెగేటప్పుడు, ధార వ్యాసానికి నాలుగున్నర రెట్ల ఎడంలో తెగడం దానికి అన్నిటికన్నా సులువు. అంటే 18 మి.మీ. సెకనుకు 50 చుక్కలు కావాలంటే ధార వేగం 50 ఇంటూ 18, సెకనుకు 90 సెం.మీ. లెక్క ప్రకారం దానికి 4 సెం.మీ. ఎత్తు నీళ్ళు చాలు. గొట్టంలో, మూతిలో పోయే నష్టం కలుపుకొని 8 నుంచి 12 సెం.మీ. దాకా పెట్టుకొని వాల్వుతో సరిచేసుకోండి. ఎడం వ్యాసానికి 3.14 రెట్లకన్నా తగ్గిందంటే ఎంత అదిరించినా ధార తెగదు. 50 హెర్ట్జ్‌కి ఆ హద్దు సెకనుకు 63 సెం.మీ. వాల్వు ఎక్కువ మూసేస్తే చుక్కలు మాయమై ఉత్త ధార కనబడేది అందుకే.

ఒక నాజిల్‌కి నిమిషానికి సుమారు 700 మి.లీ. నీళ్ళు పోతాయి. నలభై అడుగుల నుంచి చూసేవాళ్ళకి ఒక్క వరుస చాలదు. అయిదు నాజిళ్ళు, ఒకదానికొకటి 8 సెం.మీ. ఎడం. మూడున్నర లీటర్లు వాటికే పోతాది, ఓవర్‌ఫ్లోకి కూడా మిగలాల కాబట్టి నిమిషానికి 5 లీటర్లకి తగ్గని 12 ఓల్టుల పంపు తీసుకోండి.

అదురు ఇచ్చేదానికి 4 అంగుళాల 8 ఓమ్‌ల స్పీకరు. దాని కోన్ మధ్యలో చిన్న చెక్క ముక్క అతికించి, అయిదు నాజిళ్ళకీ పోయే మెత్తటి సిలికాన్ గొట్టాన్ని అది తాకేటట్టు బిగించాల. గట్టిగా నొక్కిందంటే కోన్ కదలదు, వదులైందంటే తాకదు. గొట్టం మీద వేలు పెడితే అదురు తెలస్తా ఉండాల.

కరకంబాడి_సర్క్యూట్

స్వర్ణముఖి చెప్పిన కొలతలకు కరెంటు భాగం ఇది.

దీపం: 12 ఓల్టుల ఎల్ఈడీ స్ట్రిప్ 5 మీటర్లు, మీటరుకు 60 దీపాలది. నిండుగా వెలిగితే సుమారు 6 ఆంపియర్లు లాగుతుంది. మెరుపు నిడివి 500 మైక్రోసెకన్లు పెట్టండి. అరవై సెం.మీ. కిందికి వచ్చేసరికి చుక్క సెకనుకు మూడున్నర మీటర్ల వేగంలో ఉంటుంది. 500 మైక్రోసెకన్లలో అది 1.75 మి.మీ. కదులుతుంది. చుక్క వ్యాసం ఏడున్నర మి.మీ. కాబట్టి అంచు కాస్త మెత్తబడుతుంది, అంతే. రెండు మిల్లీసెకన్లు పెడితే 7 మి.మీ. కదిలి చుక్క కాస్తా గీతైపోతుంది. వెలుగు చాలక నిడివి పెంచాలనిపిస్తుంది. పెంచకండి, స్ట్రిప్పులు పెంచండి.

స్విచ్: ఐఆర్ఎల్‌జడ్44ఎన్ మాస్‌ఫెట్ (గేటు అనే కాలికి ఓల్టేజీ ఇస్తే తెరుచుకునే ఎలక్ట్రానిక్ స్విచ్). దుకాణంలో ఐఆర్ఎఫ్‌జడ్44ఎన్ ఇచ్చి రెండూ ఒకటే అంటారు. ఒకటి కాదు. రెండోది 5 ఓల్టుల గేటుతో పూర్తిగా తెరుచుకోదు, వెలుగు తగ్గుతుంది, మాస్‌ఫెట్ వేడెక్కుతుంది. తిరుపతిలో దొరక్కపోతే చెన్నై రిచీ స్ట్రీట్‌లో దొరుకుతుంది. గేటుకు వరుసలో 150 ఓమ్‌లు, గేటు నుంచి గ్రౌండుకు 10 కిలో ఓమ్‌లు. ఆ పది కిలో ఓమ్‌లు లేకపోతే బోర్డు ఆన్ అవుతున్న క్షణంలో దీపం వెలిగి ఉండిపోతుంది.

స్ట్రిప్ పక్కనే 4700 మైక్రోఫారడ్, 25 ఓల్టుల కెపాసిటర్ పెట్టండి. ఒక్కో మెరుపుకు 6 ఆంపియర్లు అరమిల్లీసెకను పాటు దాన్నుంచి లాగినా 0.65 ఓల్టుకు మించి పడదు. అది లేకుండా సన్నటి తీగల మీద మూడు మీటర్ల దూరం నుంచి ఇస్తే ప్రతి మెరుపుకూ పంపు కూడా దడదడలాడుతుంది.

ప్రోగ్రాం: ఆర్డుయినో నానోలో సెకనుకు 10,000 సార్లు వచ్చే ఒకే ఒక టైమర్ అంతరాయం (ఇంటరప్ట్, అంటే లయ తప్పకుండా మళ్ళీ మళ్ళీ నడిచే కోడ్). అందులో 32 బిట్ల లెక్కపెట్టె రెండు, ఒకటి స్పీకరుకు, ఒకటి దీపానికి. ప్రతిసారీ వాటికి ఒక సంఖ్య కలుపుతూ పోవాలి. లెక్కపెట్టె నిండి పొర్లినప్పుడు ఒక స్పందన (స్పీకరుకు ఒక అదురు, దీపానికి ఒక మెరుపు). వేగం మార్చాలంటే ఆ కలిపే సంఖ్యను మాత్రం మార్చండి, లెక్కపెట్టెను సున్నా చేయొద్దు. సున్నా చేస్తే చుక్కల వరుస ఒక్కసారి గెంతుతుంది, ప్రేక్షకులు పసిగడతారు. దీపాన్ని డిలే ఆదేశాలతో నడపొద్దు. బోర్డుకు తగిలించిన చిన్న తెర మీద అంకెలు మారినప్పుడల్లా మెరుపు ఆలస్యమై వరుస వణుకుతుంది.

సాపేక్షం

రెండో ప్రశ్నకు వస్తాను. కథలో ఒక్క సంఖ్య పెట్టుకోండి: బయట గడియారం, లోపలి గడియారం కన్నా ఎన్ని రెట్లు వేగంగా నడుస్తోంది. దాన్ని "గుణకం" అందాం. గుణకం 2 అంటే బయట రెండు నిమిషాలు గడిస్తే లోపల ఒకటి. ఈ ఒక్క సంఖ్య నుంచే మిగతావన్నీ వస్తాయి. రచయితలు సాధారణంగా వదిలేసేవీ ఇవే.

వెలుగు. లోపలినుంచి బయటికి వచ్చే కాంతి తరంగదైర్ఘ్యం గుణకం రెట్లు సాగుతుంది. మనం చూడగలిగేది సుమారు 400 నుంచి 700 నానోమీటర్లు. గుణకం 2 దగ్గర అది 800 నుంచి 1400 అవుతుంది. అంటే లోపల తెల్లని దీపం వెలుగుతున్నా బయటివాళ్ళకు గది చీకటి. "ఆగిపోయిన మనిషి"ని బయటినుంచి చూస్తూ నిలబడే సీను సాధ్యం కాదు.

వేడి. బయటి వస్తువుల నుంచి లోపలికి వచ్చే ఉష్ణ వికిరణం గుణకం రెట్లు వేడిగా కనబడుతుంది. తిరుపతి ఎండాకాలం 40 డిగ్రీలంటే 313 కెల్విన్. గుణకం 1.1 అయితే లోపలివాడికి చుట్టూ 344 కెల్విన్, అంటే 71 డిగ్రీలు. గుణకం 2 అయితే 353 డిగ్రీలు. లోపలివాడు మాడిపోతాడు. అందుకే యంత్రం గోడలకు లోపలా బయటా మెరిసే అల్యూమినియం రేకు ఉండాలి, ప్రయోగం క్షణాల్లో ముగియాలి. మీ సెట్టుకు అదొక అందమైన కారణం కూడా.

శబ్దం. గుణకం 2 అయితే లోపలి గొంతు బయటికి సరిగ్గా ఒక స్థాయి (ఆక్టేవ్) కిందికి దిగి, సాగదీసినట్టు వినిపిస్తుంది. మైకు ద్వారా వేసే ధ్వనికి ఈ లెక్కే వాడండి.

ఒక్కటి మాత్రం కథ కోసం మన్నించాలి. కాలం వేగం ఒక చోటికీ ఇంకో చోటికీ తేడా ఉంటే ఆ తేడాయే గురుత్వం. ఒక మీటరు మందం గోడకు అటూ ఇటూ 10 శాతం తేడా పెడితే, ఆ గోడలో గురుత్వం భూమి మీద ఉన్నదానికి దాదాపు తొమ్మిది వందల లక్షల కోట్ల రెట్లు. షెడ్డు, అలిపిరి, కొండ ఏవీ మిగలవు. "గోడ లోపలి గురుత్వాన్ని యంత్రం రద్దు చేస్తుంది" అని ఒక్క మాట రాసి ముందుకెళ్ళండి. మినహాయింపు ఒక్కటే ఉంటే ప్రేక్షకుడు ఒప్పుకుంటాడు.

రంగస్థలం_తిరుపతి

చీకటి సంగతి అసలు తట్టనే లేదు, సీను తిరగరాయాల్సిందే. కథ అలిపిరిలో కాబట్టి కొండ మీద కాలం, కింద కాలం వేరు అన్న మాట ఒక పాత్ర చెబుతుంది. అది ఎంతవరకు నిజం?

సాపేక్షం

పూర్తిగా నిజం, చాలా చిన్నది. ఎత్తు ఒక మీటరు పెరిగితే గడియారం వేగం పది వేల లక్షల కోట్లలో సుమారు 1.1 వంతు పెరుగుతుంది. తిరుపతికీ తిరుమలకూ ఎత్తు తేడా దాదాపు 700 మీటర్లు. కొండ మీది గడియారం రోజుకు సుమారు ఆరున్నర నానోసెకన్లు ముందుంటుంది, ఏడాదికి 2.4 మైక్రోసెకన్లు. 2005లో అమెరికాలో ఒక ఔత్సాహికుడు మూడు సీసియం అణు గడియారాల్ని మౌంట్ రేనియర్ మీదికి తీసుకెళ్ళి రెండు రోజులుంచి, సుమారు 22 నానోసెకన్ల తేడా చూశాడు. టోక్యో స్కైట్రీలో 450 మీటర్ల తేడాకు స్ట్రాన్షియం గడియారాలతో కొలిచిన ఫలితం 2020లో వచ్చింది. 2022 నాటికి ఒక్క మిల్లీమీటరు ఎత్తు తేడాను కూడా కొలిచారు. జీపీఎస్ ఉపగ్రహాల గడియారాలు రోజుకు దాదాపు 38 మైక్రోసెకన్లు ముందుకు పోతాయి. దాన్ని సరిచేయకపోతే దూరాల లెక్కలో రోజుకు 11 కిలోమీటర్ల తప్పు పేరుకుంటుంది.

పాత్ర చేత "కొండెక్కితే కాలం పరిగెత్తుతుంది" అనిపించవచ్చు. "కొండ మీద ఒక రోజు, కింద ఒక ఏడాది" అనిపించొద్దు. పరిమాణమే కాదు, దిశ కూడా తప్పు.

మూడో స్థితి, అంటే వెనక్కి తిరగడం, నాకు సమ్మతం కాదు. గుణకం ఎంత పెంచినా లోపలి కాలం సున్నా వైపు పోతుంది గాని సున్నాను దాటదు. నెమ్మదించే యంత్రం కాస్త ఎక్కువ తిప్పితే వెనక్కి నడుస్తుందనడం వేరే యంత్రాన్ని తెచ్చి అతికించడమే.

గడంకి_గాలులు

సాపేక్షం గారి అభ్యంతరంలోనే మీ కథకు మలుపు ఉంది.

చుక్కలు పైకి ఎక్కుతున్నట్టు కనబడటం, రాడార్ డాప్లర్‌లో (తిరిగొచ్చే తరంగంలో మార్పు నుంచి వేగం లెక్కగట్టే పద్ధతిలో) గాలి దిశ తిరగబడినట్టు కనబడటం ఒకే సంగతి. గడంకిలో జాతీయ వాతావరణ పరిశోధన ప్రయోగశాల రాడార్ 53 మెగాహెర్ట్జ్‌ది. తరంగదైర్ఘ్యం 5.66 మీటర్లు. ఉదాహరణకు మిల్లీసెకనుకు ఒక స్పందన పంపి, 64 స్పందనల్ని కలిపి ఒక నమూనాగా తీసుకుంటే 64 మిల్లీసెకన్లకు ఒక నమూనా వస్తుంది. అప్పుడు కిరణం దిశలో సెకనుకు సుమారు 22 మీటర్ల వేగం దాకానే దిశ సరిగా తెలుస్తుంది. అది దాటితే దగ్గరికి వచ్చేది దూరం పోతున్నట్టు లెక్కలో పడుతుంది. గాలి వెనక్కి తిరగలేదు, మనం చూసే వేళలు చాలలేదు.

కథలో యంత్రం కట్టినవాడు చుక్కలు పైకి పోవడం చూసి కాలం తిరగబడిందని నమ్ముతాడు. రాడార్ తెలిసిన పాత్ర ఒకటి వచ్చి చేసే పరీక్ష ఒక్కటే: మెరుపుల్ని 51 నుంచి 52కి పెంచడం. చుక్కలు నిజంగా పైకి పోతుంటే మనం ఎలా చూసినా వాటి వేగం మారకూడదు. ఇక్కడ ఎక్కే వేగం సరిగ్గా రెట్టింపవుతుంది. ప్రేక్షకుల కళ్ళ ముందే, నిజమైన పరికరంతో, నిజమైన పరీక్ష.

అతను నమ్మడానికి బలమైన కారణం కూడా ఉంది. పడే చుక్కల మధ్య ఎడం కిందికి పోయేకొద్దీ పెరుగుతుంది: మూతి దగ్గర 18 మి.మీ., అరవై సెం.మీ. కింద 7 సెం.మీ. పైకి విసిరిన నీళ్ళు కూడా ఎక్కేకొద్దీ నెమ్మదించి దగ్గరవుతాయి, ఎడాలు సరిగ్గా ఇవే. పడటానికీ ఎక్కడానికీ సూత్రం ఒకటే కావడం వల్ల తిరగబడిన దృశ్యంలో కంటికి ఎక్కడా తప్పు దొరకదు. తెలివైనవాడు మోసపోవడానికి ఇది చాలు.

సాపేక్షం

ఇలా అయితే నా అభ్యంతరం లేదు. నెమ్మదించడం నిజం, వెనక్కి తిరగడం చూపు చేసిన పొరపాటు. అయితే మెరుపుల వేగం తిప్పే మీట యంత్రం మీద మొదటినుంచీ కనబడుతూ ఉండాలి. చివర్లో తెచ్చి పెడితే అన్యాయం.

తెరవెనక

లైటింగ్ వైపు నుంచి కొన్ని. గుణకం చెప్పిన ప్రకారం గదిలోని వెలుగు రంగు మార్చండి: 1 దగ్గర తెలుపు, 1.2 దగ్గర నారింజ, 1.5 దగ్గర ముదురు ఎరుపు, 2 దగ్గర చీకటి. తెల్ల ఎల్ఈడీలో గట్టిగా ఉండే 450 నానోమీటర్ల నీలం 1.5 దగ్గర 675 అవుతుంది కాబట్టి ఆ ఎరుపు లెక్కకు నిలుస్తుంది.

చుక్కల వెనక నల్ల వెల్వెట్ కట్టండి. నల్ల సాటిన్ వద్దు, మెరుస్తుంది. దగ్గర్లో ఫ్యాన్లూ ఏసీ గాలీ ఉండకూడదు. కింది సగం చుక్కలు పక్కకు కొట్టుకుపోతాయి.

మెరుపు వేగం ఎట్టి పరిస్థితిలోనూ 49 కన్నా కిందికి పోనివ్వొద్దు, ప్రోగ్రాంలోనే కట్టడి పెట్టండి. మూర్ఛ ఉన్నవాళ్ళకు సెకనుకు 15 నుంచి 25 మెరుపులు అన్నిటికన్నా ప్రమాదం. 50 దగ్గర ప్రమాదం చాలా తక్కువే గాని లేదనలేం. ప్రవేశ ద్వారం దగ్గర తెలుగులో పెద్ద అక్షరాల బోర్డు పెట్టాలి, మొదలయ్యే ముందు మైకులో కూడా చెప్పాలి. దీపాలు ప్రేక్షకుల వైపు చూడకూడదు, పక్కనుంచి చుక్కల మీద పడాలి.

నీళ్ళున్న చోట 12 ఓల్టులే. ఎస్ఎంపీఎస్ (కరెంటును 12 ఓల్టులకు మార్చే పెట్టె) రెండు మీటర్ల దూరంలో, తొట్టి కన్నా ఎత్తులో, 30 మిల్లీఆంపియర్ల ఆర్‌సీసీబీ (కరెంటు లీకైతే ఆపేసే స్విచ్) వెనకాల ఉండాలి.

వీడియో తీసేవాళ్ళకు: సెకనుకు 25 ఫ్రేములు, షట్టర్ 1/50, మార్పు లేకుండా చేత్తో బిగించుకోవాలి. అప్పుడు ఆగే సీను శుభ్రంగా వస్తుంది. 51 దగ్గర ఒక సన్నటి వెలుగు పట్టీ తిరుగుతూ కనబడుతుంది, దాన్ని తప్పించలేం. ఫోన్‌ను ఆటోలో వదిలేస్తే అన్ని సీన్లలోనూ పట్టీలే.

రంగస్థలం_తిరుపతి

నీటికి ఏ రంగు? ఊదా కాంతి స్ట్రిప్ కొనాలా?

కరకంబాడి_సర్క్యూట్

అందరూ 395 నానోమీటర్ల ఊదా స్ట్రిప్ చెబుతారు, నీళ్ళలో ఫ్లోరెసీన్ అనే వెలిగే రంగు కలుపుతారు. ఆ రంగు బాగా పీల్చుకునేది 490 దగ్గర. 450 నుంచి 470 మధ్య నీలం స్ట్రిప్‌తో చుక్కలు ఇంకా గట్టిగా వెలుగుతాయి. కాకపోతే నీలం వెలుగు చుట్టూ పడి కనబడుతుంది. మీకు దూరం ఎక్కువ కాబట్టి నీలమే తీసుకోండి, చిందిన వెలుగును వెల్వెట్ మింగేస్తుంది. లీటరుకు 10 నుంచి 20 మిల్లీగ్రాములు చాలు. ఎక్కువ వేస్తే వెలుగు పెరగదు, తగ్గుతుంది.

స్వర్ణముఖి

బోరు నీళ్ళు పోయొద్దన్నా. ఉప్పు పొర కట్టి నాజిల్ మూతి ఒక పక్క మూసుకుంటాది, ధార వంకరపోతాది. ఆర్‌ఓ నీళ్ళు పోసుకోండి, పది లీటర్లకి ఒక చెంచా వంటసోడా కలపండి. ఆ రంగు పులుపులో మసకబారతాది, సోడా ఉంటే నిలుస్తాది. కొళాయి నీళ్ళలో క్లోరిన్ కూడా దాన్ని చంపేస్తాది. కింది తొట్టిలో నీళ్ళు పడే చోట అక్వేరియం ఫిల్టర్ స్పాంజిని ఏటవాలుగా పెడితే చిందదు, చప్పుడు కూడా ఉండదు.

రంగస్థలం_తిరుపతి

క్యూలు (ఏ సీనులో సెకనుకు ఎన్ని మెరుపులో) ఇలా అనుకుంటున్నాం. తెర లేచినప్పుడు మామూలు లైట్లు, ఉత్త నీటి ధార. యంత్రం ఆన్: 49.5. మొదటి ప్రయోగం: 50. రెండో అంకం చివర: 51. పరీక్ష సీను: 52, మళ్ళీ 51, చివరికి 50. తర్వాత హాలు లైట్లు వెలిగిస్తే అందరికీ ధార మామూలుగా కిందికి పడుతూ కనబడుతుంది. సరేనా?

గడంకి_గాలులు

పరీక్ష సీనులో 50కి ముందు ఒకసారి 49 కూడా పెట్టండి. పైకి పోతున్న నీళ్ళు మీట తిప్పగానే కిందికి దిగుతాయి. యంత్రం కట్టినవాడు మాట్లాడకుండా మీట వైపు చూడాల్సింది అప్పుడే.

కరకంబాడి_సర్క్యూట్

క్యూ మారినప్పుడల్లా 3 నుంచి 4 సెకన్లు తీసుకొని మెల్లగా మారేలా రాయండి. పరీక్ష సీనులో మాత్రం వెంటనే మారాలి, మీటకూ చుక్కలకూ సంబంధం ప్రేక్షకుడికి తెలియాలంటే ఆలస్యం ఉండకూడదు. ఆన్ చేశాక స్పీకరూ ధారా కుదురుకోవడానికి పది నిమిషాలివ్వండి. గాలి బుడగలు గొట్టంలో మిగిలితే అదురును అవే మింగేస్తాయి, చుక్కలు విడవు. పైతొట్టి నిండాక గొట్టాన్ని కిందినుంచి పైకి వేళ్ళతో పిండుతూ రండి.

స్వర్ణముఖి

ముందురోజు నాజిళ్ళని విప్పి నిమ్మఉప్పు నీళ్ళలో గంట నానబెట్టండి. తర్వాత మంచినీళ్ళతో రెండు మూడుసార్లు బాగా కడగాల. పులుపు మిగిలిందంటే రంగు వెలుగు పోతాది.